అక్క అందించని మాట

ఈ ఉదయం కింది వాటాలో ఉలవలు వేయిస్తున్న వాసన మెట్లెక్కి మా ఇంట్లోకి వచ్చింది. తిరుపతిలో ఇదేమీ కొత్త వాసన కాదు, ఉలవచారు కాయని ఇల్లు మా వైపు తక్కువ. అయినా నేను చేస్తున్న పని ఆపి వాకిట్లోకి వచ్చి నిలబడ్డాను. ఉలవల వాసన తగిలితే నాకు ముందు గుర్తుకు వచ్చేది వంటిల్లు కాదు, మిణుకుపొడి. పొడి మేలుకునేటప్పుడు అచ్చం ఇదే వాసన వేస్తుంది. పొడి గుర్తుకు వచ్చిందంటే దాని వెనకాలే రత్నమ్మక్క వచ్చేస్తుంది. చిత్తూరు నుంచి కాణిపాకం పోయే దారిలో మామిడి తోటల నడుమ రేకుల షెడ్డు, దాని గుమ్మంలో నగరి నేత చీర కుచ్చిళ్ళు నడుముకు దోపుకొని నిలబడ్డ మనిషి. ఆమెను చూడనివాళ్ళ కోసమే ఇది రాస్తున్నాను. చూసినవాళ్ళకు నేను చెప్పాల్సిందేమీ లేదు, వాళ్ళ దగ్గరే నాకంటే ఎక్కువ కథలున్నాయి.

మిణుకుపొడి వాడని ఇల్లు ఇప్పుడు లేదు గానీ అది ఎట్లా తయారవుతుందో తెలిసినవాళ్ళు తక్కువ. కొండల్లో దొరికే రాయిని దంచి, విసిరి, జల్లించితే బూడిదలాంటి పొడి వస్తుంది. చీకట్లో పెడితే ఏదో ఉన్నానన్నట్టు కొద్దిగా మెరుస్తుంది, అంతే. దానికి మాట పెట్టాలి. అంటే, ఒక మనిషి దాని ముందు నిలబడి, నువ్వు ఫలానావాళ్ళ కోసం అని నోటితో చెప్పాలి. అప్పుడది మేలుకుంటుంది, తనకు చెప్పిన పనే చేస్తుంది. తాయెత్తులు కట్టే స్వాములు తీసుకుపోయేది ఈ పొడే, ఫోన్ టవర్ల వాళ్ళు తీసుకుపోయేదీ ఈ పొడే. రత్నమ్మక్క షెడ్డు ముందున్న బల్ల మీద తేలు మంత్రం వేసే ముసలాయన, బోరు మోటార్లకు స్టార్టర్లు చేసే ఇంజినీరు పక్కపక్కనే కూర్చొని మజ్జిగ తాగుతూ కబుర్లు చెప్పుకునేవాళ్ళు. మంత్రం గొప్పదా యంత్రం గొప్పదా అని ఎవరైనా వాదన మొదలుపెడితే, పొడికి లేని పట్టింపు మీకెందుకని అక్క ఇద్దరి గ్లాసుల్లో ఇంకాస్త మజ్జిగ పోసేది.

పొడి దగ్గర రెండు కట్టుబాట్లు ఉన్నాయి. మొదటిది, అది విన్న మొదటి పేరే దానికి పేరు. పెదవి దాటితే పృథివి దాటుతుందంటారే, అది పొడి విషయంలో అక్షరాలా నిజం. తర్వాత ఎంత బతిమాలినా మార్చుకోదు. రెండోది, ఒకరు మొదలుపెట్టిన మాటను ఇంకొకరు ముగించకూడదు. ముగిస్తే పొడి అక్కడికక్కడే బొగ్గులా నల్లబడి ఎందుకూ పనికిరాకుండా పోతుంది. ఈ రెండో కట్టుబాటు తెలిసే మా నాయన నన్ను ఆ షెడ్డులో జల్లెడ పనికి పెట్టడానికి తీసుకుపోయినాడు, మాట పెట్టే పనికి కాదు. ఎందుకంటే నాకు నత్తి.

చదువుకున్నాను, డిగ్రీ చేతికి వచ్చింది. కానీ ఉద్యోగం ఇచ్చేవాళ్ళందరూ ముందు అడిగేది పేరు. నాకు లోకంలో అన్నిటికంటే కష్టమైన మాట నా పేరే. మా నాయన మంచి మనిషి. చిన్నప్పటి నుంచి నా మాటలన్నీ ఆయనే ముగించేవాడు, నాకు కష్టం తప్పించాలని. ఆ రోజు కూడా అక్క నన్ను చూసి పేరేంటని అడగ్గానే కస్తూరి అని ఆయనే చెప్పేసినాడు. అక్క ఆయన వైపు తిరగనైనా తిరగలేదు.

"నేను అడిగింది బిడ్డని గదప్పా. బిడ్డ పేరు బిడ్డని సెప్పనీ."

నేను మొదలుపెట్టాను. మొదటి అక్షరం గొంతులో మేకులా దిగబడి పైకీ రాలేదు, కిందికీ పోలేదు. ఇటువంటప్పుడు జనం చేసే పనులు నాకు కంఠతా వచ్చు. కొందరు నేల చూస్తారు. కొందరు జాలిగా నవ్వుతారు. ఎక్కువమంది అందిస్తారు, అన్నం పెట్టినంత పుణ్యం అనుకుంటారు. అక్క ఏదీ చేయలేదు. పాలు పొంగేదాకా పొయ్యి దగ్గర నిలబడ్డ మనిషిలా, తొందర లేకుండా, పక్కకు పోకుండా నా ముఖం చూస్తూ నిలబడింది. చివరికి పేరు బయటికి వచ్చింది. బాగుందని చెప్పి, మరుసటి రోజు నుంచి రమ్మంది. దారిలో మా నాయన ఆమె కాస్త కరకు మనిషిలా ఉందే అన్నాడు. నాకు మాత్రం ఎవరో నా సొత్తు నాకు తిరిగి ఇప్పించినట్టు అనిపించింది.

జల్లెడ గదిని పగలు కూడా చీకటిగానే ఉంచేవాళ్ళు, పొడిలో కలిసిన మామూలు రాతి నలుసులు మెరవవు కాబట్టి చీకట్లోనే తేలిగ్గా ఏరవచ్చు. ఏళ్ళ తరబడి ఆ పనిలో ఉండి అక్క గోళ్ళ అంచుల్లోకి పొడి ఇంకిపోయింది. ఆమె ఎక్కడుందో మాకు గోళ్ళను బట్టే తెలిసేది. పది చిన్న వెలుగులు గాల్లో కదులుతూ వస్తున్నాయంటే కబుర్లు ఆపి పనిలో పడేవాళ్ళం. భర్త మొదలుపెట్టిన షెడ్డును ఆయన పోయాక మూసేస్తుందని ఊళ్ళో అనుకున్నారట. ఆమె ఇంకో గది కట్టించింది. ఆ సంగతి ఎవరైనా పొగిడితే, వానకు పొడి తడుస్తుందని కట్టించానమ్మా, అందులో గొప్పేముందని తీసిపారేసేది.

అక్క నన్ను పట్టుకున్నది టీ దగ్గర. మధ్యాహ్నం అక్కే అందరికీ పోసేది, కాఫీయా టీయా అని ఒక్కొక్కరినీ అడిగి మరీ. నేను ఎప్పుడూ టీ అనేదాన్ని. నత్తి ఉన్నవాళ్ళకు ఈ విద్య బాగా తెలుసు, నోటికి అడ్డం పడే మాట ఎదురైతే పక్క సందులోంచి తిరిగిపోవడం. ఒకరోజు అందరూ లేచిపోయాక అక్క కూజాలో మిగిలిన కాఫీ గ్లాసులోకి వంచి పక్కన పెట్టి చేతులు కడుక్కోవడానికి పోయింది. తిరిగి వచ్చేసరికి ఆ గ్లాసు నా చేతిలో ఖాళీగా ఉంది. అక్క నా ఎదురుగా కూర్చుంది.

"ఇష్టం లేని టీ ఎన్నాళ్ళ నించి తాగతా ఉండావే?"

నాకు ఏడుపు వచ్చింది, అవును, ఒక గ్లాసు కాఫీ కోసం. ఊహ తెలిసినప్పటి నుంచీ తాగుతున్నానని తలొంచుకొని చెప్పాను. ఆ మరుసటి రోజు అక్క కూజా పట్టుకొని నా ముందు నిలబడింది. కాఫీ అనే మాట నేను పూర్తిగా అనేవరకు కదలలేదు. నా వెనక వరసలో ఉన్నవాళ్ళు గొణిగితే, సల్లారిపోతే మళ్ళీ కాచి పోస్తానులే, యాడికి పోతారని నవ్వింది. నేను అడగడం, ఆమె నిలబడడం, వెనక వాళ్ళు గొణగడం రోజువారీ తంతు అయింది. కొన్నాళ్ళకు గొణగడం మానేశారు.

అప్పట్లో పొడికి మాట పెట్టేది రంగనాథమన్న. గొంతు ఖంగుమనేది, ఎంత పెద్ద మాటైనా నోట్లో తమలపాకు నమిలినంత సులువుగా తిరిగేది. ఒక బస్సుల యజమాని తన బస్సుల ముందుండే ఊరిపేరు బోర్డులు చీకటి పడ్డాక వెలిగేలా కావాలని వస్తే, రంగనాథమన్నే మాట పెట్టాడు. కొన్నాళ్ళకు ఆ యజమాని మండిపడుతూ వచ్చాడు. నగరి నుంచి చిత్తూరు వచ్చేటప్పుడు బోర్డులు దేదీప్యమానంగా వెలుగుతున్నాయట. చిత్తూరు నుంచి నగరి పోయేటప్పుడు ఒక్కటీ వెలగడం లేదట. ఎక్కడికి పోయే బస్సో తెలియక జనం చేతులెత్తి ప్రతి బస్సునూ ఆపుతున్నారట. అక్క ఒక బోర్డు తెప్పించి ఎండ పడని గదిలో బల్ల మీద పెట్టి మెల్లగా తిప్పింది. ఒక్క దిక్కుకు తిరిగినప్పుడే వెలిగింది. అది ఏ దిక్కో షెడ్డులో అందరికీ తెలుసు, రోజూ దండం పెట్టుకొనేది అటే. కాణిపాకం దిక్కు.

రంగనాథమన్న తల పట్టుకున్నాడు. మా వైపు ఎవరూ ఏ పని మొదలుపెట్టినా ముందు వినాయకుణ్ణి తలుచుకోకుండా ఉండరు. ఆయన కూడా అలవాటు కొద్దీ పొడి ముందు నిలబడి, వినాయకా అని పైకే అని, ఆ తర్వాతే బస్సుల సంగతి చెప్పాడు. పొడి మొదటి పేరే విన్నది. ఇంక అది బస్సులది కాదు, దేవుడిది. యజమాని కూడా గొంతు తగ్గించేశాడు, దేవుడి మీద కోప్పడితే ఏమవుతుందోనని. అక్క మాత్రం కొంగు నోటికి అడ్డం పెట్టుకొని కళ్ళ నీళ్ళు వచ్చేదాకా నవ్వింది. కొత్త పొడితో బోర్డులు మళ్ళీ చేయించి ఇచ్చింది. పాత బోర్డుల పొడిని గీకించి చిన్న బిళ్ళలు పోయించింది. కాలినడకన కాణిపాకం పోయే భక్తులకు దిక్కు చూపించే బిళ్ళలని గుడి దగ్గర అంగళ్ళవాళ్ళు వాటిని ఎగబడి కొన్నారు. ఇప్పటికీ మా ఇంట్లో ఒకటి ఉంది. వంటింట్లో ఏ మూల నుంచి చూసినా స్వామి ఎటున్నాడో చెబుతుంది.

ఆ నవ్వంతా అయ్యాక అక్క చెప్పిన మాటకు షెడ్డులో ఎవరికీ నవ్వు రాలేదు. ఇక మీదట మాట కస్తూరి పెడుతుందని చెప్పింది. అందరూ వద్దన్నారు. మాట మధ్యలో నేను ఆగిపోతే పక్కన ఎవరో ఒకరు ఉండబట్టలేక అందిస్తారు, పొడి మాడి మసైపోతుంది, ఎందుకీ కొరివితో తల గోక్కోవడం అన్నారు. నేను కూడా వాళ్ళ పక్షమే. రంగనాథమన్న ఒక్కడే అక్కకు వంత పాడాడు, నా నోరు నా మాటే వినదు, ఇంక పొడి ఏం వింటుందని. అక్క నన్ను పక్కకు పిలిచి చెప్పింది.

"నోరు తిరిగినోళ్ళకి మాట ముందర పోతాది, మనసు ఎనకాల వస్తాది. నీకు మనసు ముందే వచ్చి నిలబడుకోనుంటాది. పొడికి కావాల్సింది అదేనే. దానికి తొందర లేదు. నీకెందుకు?"

కొన్నాళ్ళు చిన్న చిన్న పనులకు మాట పెట్టాను, తలుపు లోపల గడియ పెట్టుకొని, ఒంటరిగా. తర్వాత తిరుపతిలోని ఒక పెద్ద ఆసుపత్రి నుంచి పిల్లల డాక్టరమ్మ వచ్చింది. పుట్టీ పుట్టగానే పచ్చకామెర్లు వచ్చే బిడ్డలను నీలి వెలుగు కింద పడుకోబెడతారు కదా, కరెంటు పోయినా ఆరిపోని, వేడి పుట్టని వెలుగు పరుపులు కావాలంది. దానికి అన్నిటికంటే సన్నటి పొడి కావాలి, నగరి నేతవాళ్ళు ప్రత్యేకంగా నేసిచ్చిన బట్టలో వస్త్రగాళితం పట్టినది. అంత సన్నం దిగే రాయి ఏడాదికి ఒక్కసారే దొరుకుతుంది. ఆ ఏటి పొడంతా ఒక్క రాగి తాంబాళంలో సరిపోయింది. అది నల్లబడితే మళ్ళీ ఏడాది దాకా ఆ వార్డులో వెలుగు లేదు. అంతటి పని పాడు చేసిన షెడ్డుకు మళ్ళీ ఎవరూ రారు. పైగా ఇంత పెద్ద పనికైతే, ఎవరి కోసం చేస్తున్నామో వాళ్ళ తరఫు మనిషి ఎదురుగా ఉండాలనేది ఆనవాయితీ. నాకు ఒంటరిగా చెప్పే వీలు లేదు.

ఆ మధ్యాహ్నం తలుపులు మూశారు. ఎండకు పైన రేకులు టపటపమంటున్నాయి. చీకట్లో తాంబాళం మసకగా మెరుస్తోంది, దాని అవతల డాక్టరమ్మ, ఆమె పక్కన గాల్లో అక్క గోళ్ళు. ఈ వెలుగు, అనేదాకా మాట నడిచింది. ఆ తర్వాత పసిబిడ్డలకు అనాలి. పెదవులు మూసుకున్నాయి, మళ్ళీ తెరుచుకోలేదు. నా లోపల పక్క సందు సిద్ధంగా ఉంది. చిన్నపిల్లలకు అంటే చాలు, నీళ్ళలా జారిపోతుంది. కానీ చిన్నపిల్లలంటే నడిచేవాళ్ళూ, బడికి పోయేవాళ్ళూ కూడా. కళ్ళు కూడా సరిగ్గా తెరవని, ఇంకా పేరు పెట్టని ఆ బిడ్డల కోసం చెప్పాల్సిన మాట అది కాదు. పొడి విన్నదే పట్టుకుంటుంది. కాఫీ కావలసిన చోట టీతో సరిపెట్టుకుంటే అక్కడ నష్టపోయింది నేను. ఇక్కడ నష్టపోయేది నేను కాదు. సందులోకి తిరగకుండా ఆ మాట దగ్గరే నిలబడ్డాను.

డాక్టరమ్మ ఊపిరి లోపలికి పీల్చిన చప్పుడు వినిపించింది. ఆ చప్పుడు నాకు బాగా తెలుసు. మాట అందించబోయే మనిషి ముందు అట్లాగే ఊపిరి తీసుకుంటుంది. పాపం, ఆమె మంచి మనసుతోనే చేస్తోంది, మా నాయనలాగా. అంతలో అక్క గోళ్ళు చటుక్కున పైకి లేచాయి. ఐదు చిన్న వెలుగులు డాక్టరమ్మ ముఖం మీద వాలి, నోటిని గట్టిగా మూసేశాయి. ఆ వెలుగులో డాక్టరమ్మ కళ్ళు రెండూ కనిపించాయి, ఇంతింత చేసుకొని. అక్క చెయ్యి తీయలేదు. నన్ను తొందర పెట్టలేదు. ఎంతసేపు అట్లా నిలబడ్డామో నాకు తెలియదు. నా పెదవులు నేను విడదీసుకున్నంతసేపు. పసిబిడ్డలకు అన్నాను. మొత్తం మాట, నా నోటితో, నేనే.

ముందు ఉలవలు వేగిన వాసన వచ్చింది. తర్వాత తాంబాళం నిండా లేత నీలం వెలుగు పొంగి రేకుల దాకా పాకింది. అప్పటిదాకా చీకట్లో గోడలకు అంటుకొని నిలబడ్డ షెడ్డు జనమంతా ఒక్కసారి కనిపించారు. రంగనాథమన్న వినాయకా అని గట్టిగా అని, ఇప్పుడు ఫరవాలేదు గదా అని అందరినీ అడిగాడు. అక్క డాక్టరమ్మ నోటి మీద నుంచి చెయ్యి తీసి, తప్పుగా అనుకోవద్దమ్మా అంది. తప్పు చేయబోయింది నేనే కదా అని ఆవిడ నవ్వేసింది. ఆవిడ బుగ్గ మీద అక్క వేళ్ళ ముద్ర మెరుస్తూ ఉంది, ఎంత కడిగినా పోలేదు, అట్లాగే తిరుపతికి పోయింది. అక్క నన్ను పొగడలేదు. కౌగిలించుకోలేదు. కూజా తీసుకొని నా ముందుకు వచ్చింది.

"కాఫీయా, టీనా?"

ఆ రోజు కూడా నాకు జవాబు చెప్పడానికి సమయం పట్టింది. నత్తి పోలేదు, ఇప్పటికీ పోలేదు. ఆ షెడ్డు గుమ్మంలో గ్లాసు పట్టుకొని నిలబడ్డప్పుడు మాత్రం నాలాంటి దొర ఇంకొకరు లేరనిపించింది.

ఆ తర్వాత నేను తిరుపతికి వచ్చేశాను. మాట పెట్టేవాళ్ళకు పని నేర్పే చోట కుదిరాను. కొన్నేళ్ళకు అక్కకు పక్షవాతం వచ్చి కుడి చెయ్యీ మాటా పడిపోయాయని తెలిసి పోయాను. షెడ్డు వెనకే ఇల్లు. మంచం చుట్టూ కోడళ్ళు, బంధువులు, రంగనాథమన్న. అక్క ఎడమ చెయ్యి ఊపుతూ ఏదో చెప్పాలని చూస్తోంది. ఉ, ఉ, అనే వస్తోంది, ముందుకు పోవడం లేదు. ఊపిరి ఆడలేదా అత్తా అని ఒక కోడలు వీపు రాసింది. ఉక్కగా ఉందేమోనని ఇంకొకరు ఫ్యాను పెంచారు. ఊళ్ళోకి పోవాలనుందేమోనని ఎవరో, ఉప్పు తగ్గిందేమో చారులోనని ఇంకెవరో. అందరూ ప్రేమతోనే అందిస్తున్నారు. అక్క కళ్ళలో మంట నాకు ఒక్కదానికే తెలిసింది. ఒకప్పుడు ఆమె చోట ఉన్నది నేనే.

"ఆగండి," అన్నాను. నత్తి లేకుండా వచ్చిన మాట అది. "అక్కని సెప్పనీండి."

మంచం పక్కన కూర్చొని ఆమె ముఖం చూస్తూ ఉండిపోయాను. నేల చూడలేదు, జాలిగా నవ్వలేదు. పాలు పొంగాలంటే ఎవరో ఒకరు నిలబడాలి కదా. చాలాసేపటికి ఉలవలు అంది. మళ్ళీ ఆగింది. నేనూ ఆగాను. మాడతా ఉండాయి, అంది. వంటింట్లోకి పరిగెత్తి చూస్తే పెనం మీద ఉలవలు నల్లగా మాడి పొగలు కక్కుతున్నాయి. పొయ్యి మీద పెట్టి అందరూ మరిచిపోయారు. వాసన వస్తూనే ఉంది గానీ, షెడ్డులో పొడి మేలుకుంటోంది కాబోలు అనుకున్నారట. నేను పొయ్యి ఆర్పి వచ్చేసరికి అక్క సగం నోటితో, కళ్ళ నీళ్ళు వచ్చేదాకా నవ్వుతోంది. ఆ తర్వాత ఆమె ఎక్కువ కాలం ఉండలేదు. ఉన్నన్ని రోజులూ ఆ ఇంట్లో ఎవరూ ఆమెకు మాట అందించలేదు, కోడళ్ళు అందించనివ్వలేదు.

ఇప్పుడు నా దగ్గర పని నేర్చుకోవడానికి కొత్తవాళ్ళు వస్తారు. గడగడా మాట్లాడేవాళ్ళు, సిగ్గుపడేవాళ్ళు, నాలాంటివాళ్ళు. నేను అందరినీ పేరు అడుగుతాను, జవాబు వచ్చేదాకా నిలబడతాను. పక్కన తండ్రో అన్నో నోరు తెరిస్తే అటు తిరగను. ఈమె కాస్త కరకు మనిషని బయటికి పోయాక అనుకుంటారేమో. అనుకోనీ.

పోయిన వారం ఆ ఆసుపత్రికి పోవలసి వచ్చింది. ఆ పరుపులు ఇంకా వెలుగుతూనే ఉన్నాయి, ఒకదాని మీద పిడికెడు బిడ్డ గుప్పిళ్ళు మూసుకొని నిద్రపోతోంది. నీలి వెలుగు ఆ పొట్ట మీద మెల్లగా లేచి దిగుతోంది. కొత్తగా చేరిన నర్సు పక్కకు వచ్చి, ఈ పొడికి మాట పెట్టిందెవరో మీకేమైనా తెలుసా మేడమ్ అని అడిగింది. నేను మొదలుపెట్టాను. మొదటి అక్షరం దగ్గర ఎప్పటిలాగే ఆగిపోయాను. ఆ అమ్మాయి సాయం చేయాలని ఊపిరి తీసుకుంది. నేను చెయ్యెత్తి ఆపాను.

కస్తూరి, అన్నాను.